మేధో సంపత్తి న్యాయమూర్తి: జంట నగరాల నుంచి ఒక పరిచయం

మేధో సంపత్తి న్యాయమూర్తి అనే పదవికి భారతదేశంలో నోటిఫికేషన్ పడదు, రాత పరీక్ష ఉండదు. ట్రేడ్‌మార్కులు, పేటెంట్లు, కాపీరైట్లు, డిజైన్లు, భౌగోళిక గుర్తింపుల తగాదాలు వినేవారు ఆస్తి పంపకాలూ, అద్దె దావాలూ, మోటారు ప్రమాదాల నష్టపరిహారాలూ విన్నవారే. ప్రధాన న్యాయమూర్తి ఖరారు చేసే రోస్టర్‌లో ఆ తరహా కేసులు ఎవరి బెంచికి పడితే, పడినవాటిని ఎవరు ఇష్టంగా చదివితే, క్రమంగా వారికి ఆ పేరు వస్తుంది. కాబట్టి ఈ వృత్తిని అర్థం చేసుకోవాలంటే న్యాయమూర్తుల చదువుల కన్నా ముందు కేసుల దారి చూడాలి. ఏ ఊళ్లో తగాదా పుట్టింది, ఏ ఊళ్లో తీర్పు వచ్చింది అన్నది ఇక్కడ చాలా విషయాలు చెబుతుంది. సికింద్రాబాద్, హైదరాబాద్‌ల విషయంలో అది మరీ స్పష్టం. మందుల కంపెనీలు, విత్తన కంపెనీలు, సాఫ్ట్‌వేర్, సినిమా, పత్రికలు, బిర్యానీ హోటళ్లు, ఇలా తగాదాకు కావలసిన సరుకంతా జంట నగరాల్లో ఉంది. ఆ తగాదాలతో పేరు తెచ్చుకున్న న్యాయమూర్తుల్లో ఎక్కువమంది మాత్రం చెన్నైలోనో దిల్లీలోనో కూర్చున్నవారు.

మెట్లు

కింది మెట్టు జూనియర్ సివిల్ జడ్జి. రాష్ట్రంలో ఎంపికైనవారికి సికింద్రాబాద్‌లోని జ్యుడీషియల్ అకాడమీలో శిక్షణ ఇస్తారు. సివిల్ ప్రొసీజర్ కోడ్, సాక్ష్యాల చట్టం, తీర్పు రాసే పద్ధతి, కోర్టు నిర్వహణ అక్కడ వంటబట్టాలి. మూడేళ్ల ప్రాక్టీసు లేనిదే ఈ ఉద్యోగానికి అర్హత లేదన్న పాత షరతును సుప్రీంకోర్టు 2025 మేలో తిరిగి తెచ్చింది. రాజ్యాంగంలోని 233వ అధికరణం కింద ఏడేళ్ల అనుభవం ఉన్న న్యాయవాది నేరుగా జిల్లా జడ్జి కావచ్చు. 217వ అధికరణం కింద పదేళ్ల అనుభవం ఉన్నవారిని హైకోర్టుకు తీసుకోవచ్చు. మేధో సంపత్తి రంగంలో పేరున్న న్యాయమూర్తులు ఎక్కువగా ఈ మూడో దారిన వచ్చినవారే. బార్‌లో పదిహేనేళ్లో ఇరవయ్యేళ్లో ఇవే కేసులు వాదించి, తర్వాత బెంచి ఎక్కారు.

జూనియర్ సివిల్ జడ్జి దగ్గరికి ఈ దావాలు రానే రావు. ట్రేడ్‌మార్క్ చట్టం 134వ సెక్షన్, కాపీరైట్ చట్టం 62వ సెక్షన్, పేటెంట్ల చట్టం 104వ సెక్షన్ ఒక్క మాటే చెబుతాయి: జిల్లా కోర్టుకు తక్కువ కాని కోర్టులోనే దావా వేయాలి. దిల్లీ, బొంబాయి, కలకత్తా, మద్రాసు హైకోర్టులకు అసలు దావాలు తామే వినే అధికారం ఉంది. హైదరాబాద్ హైకోర్టుకు ఆ అధికారం లేదు. కనుక జంట నగరాల్లో పేరు కోసమో బొమ్మ కోసమో వచ్చిన దావా సిటీ సివిల్ కోర్టు అదనపు చీఫ్ జడ్జి ముందు మొదలయ్యేది. 2015 నాటి కమర్షియల్ కోర్టుల చట్టం వచ్చాక ఈ దావాలు వాణిజ్య వివాదాల కింద లెక్కకు వచ్చాయి. మొదట కోటి రూపాయలున్న కనీస విలువను 2018లో 3 లక్షలకు దించారు. దాంతో చిన్న మిఠాయి దుకాణం తగాదా కూడా కమర్షియల్ కోర్టు గడప ఎక్కింది.

ఈ తేడా తేలిగ్గా వదిలేయదగ్గది కాదు. దిల్లీలో విలువ ఎక్కువున్న ట్రేడ్‌మార్క్ దావా మొదటి రోజే హైకోర్టు న్యాయమూర్తి చేతికి వెళ్తుంది. ఆయన రాసిన మధ్యంతర ఉత్తర్వు లా రిపోర్టుల్లో అచ్చవుతుంది, దేశమంతా ఉదహరిస్తుంది. హైదరాబాద్‌లో అదే దావాపై జిల్లా స్థాయి న్యాయమూర్తి ఎంత శ్రద్ధగా రాసినా, అప్పీలుకు వెళ్లకపోతే ఆ పని కక్షిదారులకూ వారి ప్లీడర్లకూ తప్ప ఎవరికీ తెలియదు. పైగా రెండు మూడేళ్లకోసారి బదిలీ ఉంటుంది. ఒక చోట పేటెంట్ దావా సగం విన్న న్యాయమూర్తి మరో జిల్లాలో సెషన్స్ కేసులు వింటూ ఉండవచ్చు.

వాది తన వ్యాపార స్థలంలోనే దావా వేయవచ్చని 134, 62 సెక్షన్లు ఇచ్చే వెసులుబాటు మరో చిక్కు తెచ్చింది. సికింద్రాబాద్‌లో ప్రధాన కార్యాలయం ఉన్న కంపెనీ కూడా దిల్లీలో ఒక బ్రాంచి చూపించి అక్కడికి వెళ్లిపోయేది. 2015లో ఇండియన్ పెర్ఫార్మింగ్ రైట్స్ సొసైటీ, సంజయ్ దాలియా కేసులో సుప్రీంకోర్టు దీన్ని కుదించింది. ప్రధాన కార్యాలయం ఉన్నచోటే దావాకు కారణం కూడా పుట్టినప్పుడు, దాన్ని వదిలి దూరపు బ్రాంచి ఊరికి ప్రతివాదిని ఈడ్చకూడదంది. అయినా దిల్లీ వైపు ఒరవడి ఆగలేదు. ఇంటర్నెట్‌లో అమ్మే సరుకుకు దావా కారణం అన్ని ఊళ్లలోనూ పుడుతుంది కదా.

రెండు పొట్లాలు

ట్రేడ్‌మార్క్ దావాలో న్యాయమూర్తి చేసే పనిని దగ్గరగా చూస్తే అది గ్రంథాల పని కన్నా కంటి పనిలా ఉంటుంది. వాది పొట్లం ఎ-1గా, ప్రతివాది పొట్లం ఎ-2గా గుర్తు వేసుకుని బల్ల మీదికి వస్తాయి. వాది తరఫు న్యాయవాది రెంటినీ పక్కపక్కన పెట్టి, చూడండి సార్, ఎరుపు అదే, అంచు అదే అంటారు. అవతలి న్యాయవాది అక్షరాల వంపులో తేడా చూపిస్తారు. అనుభవమున్న న్యాయమూర్తి రెంటినీ పక్కపక్కన చూడరు. ఒకటి చూసి పక్కన పెట్టి, కాసేపాగి రెండోది చూస్తారు. 1962లో అమృతధార కేసులో సుప్రీంకోర్టు ఖాయం చేసిన కొలబద్ద అదే: సగటు తెలివి, పూర్తిగా గుర్తుండని జ్ఞాపకం ఉన్న కొనుగోలుదారు పొరబడతాడా లేదా. అమృతధార, లక్ష్మణధార అనే రెండు మందుల పేర్లు వినడానికి పొరబడేంత దగ్గరగా ఉన్నాయని కోర్టు తేల్చింది. షాపు దగ్గర నిలబడి చిల్లర లెక్కపెట్టుకునే మనిషి చేతిలో రెండు పొట్లాలూ ఒకేసారి ఉండవన్న ఇంగితం మీద ఆ సూత్రం నిలబడింది. మందుల విషయంలో ఇంకా కఠినంగా ఉండాలని 2001లో కాడిలా కేసు చెప్పింది. ఫాల్సిగో, ఫాల్సిటాబ్ అనే రెండు మలేరియా మందుల పేర్ల మీద వచ్చిన తగాదా అది. సబ్బు మారితే చర్మం దురద పెడుతుంది, మందు మారితే ప్రాణం పోతుంది.

ఈ దావాల్లో మొదటి వారమే సగం యుద్ధం. ప్రతివాదికి నోటీసు ఇవ్వకుండానే మధ్యంతర ఇంజంక్షన్ అడుగుతారు. సరుకు మాయం చేస్తాడన్న భయం ఉంటే అడ్వకేట్ కమిషనర్‌ను పంపి గోదాములో ఉన్నదాన్ని లెక్క రాయించమంటారు. ఇవ్వకపోతే వాది నష్టపోవచ్చు, ఇస్తే ప్రతివాది దుకాణం పండగ ముందు మూతపడవచ్చు. ఆ ఒక్క మధ్యంతర దరఖాస్తు మీద ఉత్తర్వు వచ్చాక చాలా దావాలు రాజీ అవుతాయి. తుది తీర్పు దాకా సాగేవి కొద్ది. దావాకు ముందు మధ్యవర్తిత్వం తప్పనిసరి చేసిన కమర్షియల్ కోర్టుల చట్టం 12ఎ సెక్షన్ వచ్చాక, అత్యవసరం అని రాసిన ప్రతిదాన్నీ నమ్మకుండా, అది నిజంగా అత్యవసరమా, మధ్యవర్తిత్వాన్ని తప్పించుకునే ముసుగా అని న్యాయమూర్తి చూడాలి. యామినీ మనోహర్ కేసులో 2023లో సుప్రీంకోర్టు చెప్పిన మాట ఇది. అదీ ట్రేడ్‌మార్క్ తగాదాయే.

హైదరాబాద్ గడ్డ మీద పుట్టిన పేర్ల తగాదాల్లో రెండింటికి జాతీయ స్థాయి ప్రాధాన్యం వచ్చింది. మొదటిది చార్మినార్. వజీర్ సుల్తాన్ టొబాకో కంపెనీ ఆ పేరును పొగాకు ఉత్పత్తులన్నింటికీ రిజిస్టర్ చేయించుకుంది, చేసింది మాత్రం సిగరెట్లే. అదే పేరుతో జర్దా, కిమామ్ అమ్మే వ్యాపారి రిజిస్ట్రేషన్‌ను సరిదిద్దమని అడిగాడు. విష్ణుదాస్ కేసుగా ప్రసిద్ధమైన ఈ వివాదంలో సుప్రీంకోర్టు 1996లో వ్యాపారి పక్షాన నిలిచింది. ఒక తరగతిలోని సరుకులన్నిటి మీదా పేరు కట్టేసుకుని, వాటిలో ఒక్కదాన్నే వాడుతూ కూర్చోవడం గుత్తాధిపత్యమే అవుతుందని చెప్పి, రిజిస్ట్రేషన్‌ను సిగరెట్లకు పరిమితం చేయడాన్ని సమర్థించింది.

రెండోది ఈనాడు. 1974లో విశాఖపట్నంలో మొదలైన దినపత్రికను నడిపే ఉషోదయా ఎంటర్‌ప్రైజెస్, బెంగళూరు నుంచి అదే పేరుతో అగరొత్తులు అమ్మే వ్యాపారి మీద 1999లో హైదరాబాద్ సిటీ సివిల్ కోర్టులో దావా వేసింది. పత్రికకూ అగరొత్తికీ ఏం సంబంధం, పైగా ఆ మాట కన్నడంలోనూ తెలుగులోనూ అందరూ వాడేదే కదా అన్నది ప్రతివాది వాదన. 2011 మార్చి 3న జస్టిస్ దల్వీర్ భండారీ రాసిన తీర్పు ఈ వాదనను పూర్తిగా కొట్టేయలేదు, పూర్తిగా ఒప్పుకోనూ లేదు. ఆంధ్రప్రదేశ్‌లో ఆ పేరుకు పత్రిక వల్ల అసాధారణ ప్రతిష్ఠ వచ్చింది గనుక ఆ రాష్ట్రంలో అగరొత్తులకు దాన్ని వాడరాదని కట్టడి చేసింది. రాష్ట్ర సరిహద్దు దగ్గర ఆగిపోయే ట్రేడ్‌మార్క్ ఉత్తర్వు అరుదు. ఇంగ్లిష్‌లో మాత్రమే ఆలోచించే న్యాయమూర్తికి ఇలాంటి కేసు కొరుకుడు పడదు. ఈ మాట ఏ జిల్లాలో ఎవరికి ఎలా వినిపిస్తుందో తెలిసిన స్థానిక న్యాయమూర్తి విలువ ఇక్కడే తెలుస్తుంది.

పేర్లు కంప్యూటర్ల లోకి వెళ్లాక డొమైన్ తగాదాలు వచ్చాయి. డాక్టర్ రెడ్డీస్ పేరును పోలిన వెబ్ చిరునామాపై 2001లో దిల్లీ హైకోర్టు ఇంజంక్షన్ ఇచ్చింది. సికింద్రాబాద్ సర్దార్ పటేల్ రోడ్డు మీది మేఫెయిర్ సెంటర్‌లో కార్యాలయం ఉండిన సత్యం కంప్యూటర్స్‌కు అనుబంధమైన సత్యం ఇన్ఫోవే, సిఫీ అన్న పేరు కోసం పోరాడి 2004లో సుప్రీంకోర్టులో గెలిచింది. డొమైన్ పేరుకు కూడా పాసింగ్ ఆఫ్ (తన సరుకును మరొకరిదిగా చలామణీ చేయడం) సూత్రం వర్తిస్తుందని జస్టిస్ రూమా పాల్ ఆ తీర్పులో స్థిరపరిచారు.

ఒక న్యాయమూర్తి నివేదిక, ఒక నగరం పరిశ్రమ

పేటెంట్ల సంగతికి వస్తే, హైదరాబాద్ ఆర్థిక చరిత్ర మీద ఒక న్యాయమూర్తి ప్రభావం ఎంత ఉందో చాలామంది గమనించరు. జస్టిస్ ఎన్. రాజగోపాల అయ్యంగార్ 1959 సెప్టెంబరులో కేంద్రానికి పేటెంట్ల చట్టంపై నివేదిక ఇచ్చారు. భారతీయ పేటెంట్లలో అత్యధికం విదేశీయులవనీ, వాటిలో చాలావాటిని ఇక్కడ ఉత్పత్తికి వాడడమే లేదనీ ఆయన విశ్లేషించారు. మందులు, ఆహారం, రసాయనాల విషయంలో వస్తువుకు కాకుండా దాన్ని తయారుచేసే పద్ధతికే పేటెంటు ఇవ్వాలన్నారు. ఆ ఆలోచన 1970 చట్టంలోకి ఎక్కింది, 1972 ఏప్రిల్ 20 నుంచి అమలైంది. ఆయన 1960 నుంచి 1964 వరకు సుప్రీంకోర్టులో ఉన్నారు. ట్రేడ్‌మార్క్ ఉల్లంఘనకూ పాసింగ్ ఆఫ్‌కూ తేడా ఏమిటో విడమరచిన నవరత్న ఫార్మాస్యూటికల్స్ తీర్పు రాసింది కూడా ఆయనే. దేశంలో మొట్టమొదటి మేధో సంపత్తి న్యాయమూర్తి ఎవరంటే నేనైతే ఆయన పేరే చెబుతాను.

కొత్త చట్టం వల్ల వేరే పద్ధతిలో అదే మందు తయారుచేయడం చట్టబద్ధమైంది. సికింద్రాబాద్‌కు కూతవేటు దూరంలోని బాలానగర్‌లో ప్రభుత్వ రంగ ఐడీపీఎల్ అప్పటికే రసాయన శాస్త్రవేత్తలను తయారుచేస్తోంది. అక్కడ పనిచేసిన అంజిరెడ్డి 1984లో డాక్టర్ రెడ్డీస్ స్థాపించారు. ఆ తరం కంపెనీలు పెరిగి పెద్దవై, 2005 జనవరి 1 నుంచి మందులకు ఉత్పత్తి పేటెంట్లు మళ్లీ వచ్చేసరికి, విదేశీ కంపెనీలతో కోర్టుల్లో తలపడే స్థితికి చేరాయి. అక్కడి నుంచి కేసుల వరద మొదలైంది.

ఈ వరదలో పేరు నిలబెట్టుకున్నవారు జస్టిస్ ప్రభా శ్రీదేవన్. 2000 నుంచి 2010 వరకు మద్రాసు హైకోర్టు న్యాయమూర్తి. నోవార్టిస్ కంపెనీ పేటెంట్ల చట్టంలోని 3(డి) సెక్షన్ రాజ్యాంగ విరుద్ధమని వేసిన పిటిషన్‌ను 2007 ఆగస్టు 6న కొట్టేసిన ఇద్దరు న్యాయమూర్తుల ధర్మాసనంలో ఆమె ఒకరు. పాత మందుకే చిన్న మార్పు చేసి, దాని గుణం గణనీయంగా పెరగకపోయినా కొత్త పేటెంటు అడగడాన్ని అడ్డుకునే సెక్షన్ అది. పదవీ విరమణ తర్వాత 2011లో చెన్నైలోని మేధో సంపత్తి అప్పీళ్ల బోర్డుకు అధ్యక్షురాలయ్యారు. ఆ కుర్చీలో ఉండగానే హైదరాబాద్ నాట్కో ఫార్మా ఫైలు ఆమె ముందుకు వచ్చింది.

మూత్రపిండాల, కాలేయపు క్యాన్సర్లకు వాడే సొరాఫెనిబ్ మందుపై బేయర్ కంపెనీకి పేటెంటు ఉంది. నెలకు సరిపడే 120 మాత్రల ధర సుమారు 2 లక్షల 80 వేల రూపాయలు. పేటెంట్ల చట్టం 84వ సెక్షన్ కింద నాట్కో తప్పనిసరి లైసెన్సు, అంటే పేటెంటుదారు ఒప్పుకోకపోయినా మందు తయారుచేసుకునే అనుమతి, అడిగింది. 2012 మార్చి 9న పేటెంట్ల కంట్రోలర్ పి.హెచ్. కురియన్ ఆ లైసెన్సు ఇచ్చారు. నెల మందు 8,880 రూపాయలకు మించరాదని, అమ్మకాలపై 6 శాతం రాయల్టీ బేయర్‌కు చెల్లించాలని షరతు పెట్టారు. దేశంలో ఇలాంటి లైసెన్సు అదే మొదటిది. బేయర్ అప్పీలుపై 2013 మార్చి 4న ప్రభా శ్రీదేవన్ నేతృత్వంలోని బోర్డు లైసెన్సును నిలబెట్టి, రాయల్టీని 7 శాతానికి పెంచింది. ఈ పెంపు చూస్తేనే ఆమె పద్ధతి తెలుస్తుంది: రోగి వైపు మొగ్గినంత మాత్రాన పేటెంటుదారుకు రావలసింది తగ్గించలేదు. బొంబాయి హైకోర్టు 2014 జులైలో, సుప్రీంకోర్టు అదే ఏడాది డిసెంబరులో బేయర్‌కు ఊరట నిరాకరించాయి.

ఆ నిర్ణయం వచ్చిన నెల తిరక్కుండానే, 2013 ఏప్రిల్ 1న, నోవార్టిస్ వారి గ్లీవెక్ మందుకు పేటెంటు నిరాకరిస్తూ జస్టిస్ ఆఫ్తాబ్ ఆలం, జస్టిస్ రంజనా దేశాయ్ తీర్పిచ్చారు. ఆ దరఖాస్తును వ్యతిరేకించినవారిలో హైదరాబాద్‌కు చెందిన నాట్కో, హెటెరో రెండూ ఉన్నాయి. ప్రభా శ్రీదేవన్ గురించి ఇంకొక మాట: ఆమె తమిళ కథల అనువాదకురాలు కూడా. ఆర్. చూడామణి కథలను ఇంగ్లిష్‌లోకి తెచ్చారు. కాపీరైట్ చట్టాన్ని రచయితల వైపు నుంచి కూడా చూసిన న్యాయమూర్తులు మనకు ఎక్కువమంది లేరు.

ఫోను విప్పి చూసిన తీర్పు

హైదరాబాద్ హైకోర్టులోనే రాసిన మేధో సంపత్తి తీర్పుల్లో న్యాయ విద్యార్థులు ఇప్పటికీ చదివేది జస్టిస్ వి.వి.ఎస్. రావు 2005 జులై 29న ఇచ్చిన తీర్పు. రిలయన్స్ ఇన్ఫోకామ్ తక్కువ ధరకు ఇచ్చిన హ్యాండ్‌సెట్లు ఆ కంపెనీ నెట్‌వర్కులోనే పనిచేసేలా లాక్ అయి ఉండేవి. పోటీ కంపెనీ సిబ్బంది వాటిలోని ఎలక్ట్రానిక్ సీరియల్ నంబరును మార్చి తమ నెట్‌వర్కుకు కలుపుతున్నారని ఫిర్యాదు. నిందితులు కేసు కొట్టేయమని హైకోర్టుకు వచ్చారు. సెల్‌ఫోను అంటే ఏమిటి, టవరు దాన్ని ఎలా గుర్తుపడుతుంది, ఈ నంబరు ఎక్కడ ఉంటుంది అన్నది తీర్పులో పాఠంలా వివరించారు. ఫోనులోని ఆ ప్రోగ్రామ్ కంప్యూటర్ సోర్స్ కోడ్ కిందికే వస్తుందని తేల్చారు. ఐటీ చట్టం 65వ సెక్షన్, కాపీరైట్ చట్టం 63వ సెక్షన్ కింద దర్యాప్తు సాగనిచ్చి, భారత శిక్షాస్మృతి కింద పెట్టిన మోసం, నమ్మకద్రోహం ఆరోపణలను మాత్రం తీసేశారు. క్రిమినల్ రోస్టర్‌లో ఉన్న న్యాయమూర్తి సాంకేతిక విషయాన్ని ఎలా అందుకోవచ్చో చెప్పడానికి ఇంతకన్నా మంచి ఉదాహరణ దొరకదు.

కాపీరైట్ కేసులకు ఈ క్రిమినల్ పార్శ్వం ఎప్పుడూ ఉంది. 63వ సెక్షన్ కింది నేరానికి పోలీసులు వారంటు లేకుండా అరెస్టు చేయవచ్చా అన్నదానిపై హైకోర్టులు చీలిపోయాయి. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అమర్‌నాథ్ వ్యాస్ కేసులో నిందితుడికి అనుకూలంగా, కేరళ హైకోర్టు వ్యతిరేకంగా చెప్పాయి. 2022 మేలో నిట్ ప్రో కేసులో సుప్రీంకోర్టు అది పోలీసులు నేరుగా పట్టుకోదగిన, బెయిలు ఇవ్వదగని నేరమేనని తేల్చింది. సినిమా కథల తగాదాల్లో ఈ తీర్పు బరువు నిర్మాతలకు బాగా తెలుసు.

సినిమా విషయంలో జంట నగరాల కోర్టులు చూపే ప్రభావానికి ఝుండ్ ఉదాహరణ. అమితాబ్ బచ్చన్ నటించిన ఈ హిందీ సినిమాలో తాను హక్కులు కొనుక్కున్న జీవిత కథను వాడారని హైదరాబాద్ దర్శకుడొకరు దావా వేశారు. కింది కోర్టు 2020లో విడుదలను ఆపింది. అక్టోబరు 19న జస్టిస్ ఎం.ఎస్. రామచంద్రరావు, జస్టిస్ టి. అమర్‌నాథ్ గౌడ్‌ల ధర్మాసనం నిర్మాతల అప్పీలును కొట్టేసింది. సుప్రీంకోర్టు కూడా జోక్యం చేసుకోలేదు. సినిమా 2022 మార్చిలో గానీ తెర మీదికి రాలేదు. వేరే రాష్ట్రంలో తీసిన సినిమాను తెలంగాణలోని జిల్లా న్యాయమూర్తి ఉత్తర్వు ఆపగలిగిందన్నది గమనించాలి. రోస్టర్ కలిసివస్తే ఇక్కడి కోర్టుకు శక్తి తక్కువేమీ లేదు.

చెన్నై, దిల్లీ

మరి ప్రావీణ్యం అటు ఎందుకు పోగుపడింది? కారణం ఆఫీసుల చిరునామాలు. దక్షిణాది రాష్ట్రాల పేటెంట్ కార్యాలయం చెన్నైలో ఉంది. తెలుగు రాష్ట్రాల ట్రేడ్‌మార్కులు చూసే రిజిస్ట్రీ అక్కడే. దేశమంతటి భౌగోళిక గుర్తింపుల రిజిస్ట్రీ కూడా అక్కడే. పోచంపల్లి ఇక్కత్, తిరుపతి లడ్డు, హైదరాబాద్ హలీమ్ కాగితాలన్నీ చెన్నై మీదుగానే నడిచాయి. 2003 సెప్టెంబరు 15న ఏర్పడిన అప్పీళ్ల బోర్డు ప్రధాన స్థానం కూడా చెన్నైయే. 2021 ఏప్రిల్ 4న ఒక ఆర్డినెన్సుతో ఆ బోర్డును రద్దు చేశారు. ఖాళీలు నింపక ఏళ్ల తరబడి ఈడ్చిన బోర్డు అది, రద్దయినందుకు కన్నీరు పెట్టినవారు తక్కువ. పెండింగు ఫైళ్లు హైకోర్టులకు వచ్చాయి. దిల్లీ హైకోర్టు అదే ఏడాది జులై 7న మేధో సంపత్తి విభాగాన్ని నెలకొల్పి, 2022లో నియమాలు చేసింది. మద్రాసు 2023లో అదే దారి పట్టింది.

దిల్లీ విభాగం రూపకల్పనలో ప్రముఖ పాత్ర జస్టిస్ ప్రతిభా ఎం. సింగ్‌ది. బెంగళూరులో న్యాయశాస్త్రం, కేంబ్రిడ్జిలో ఉన్నత విద్య, పాతికేళ్లకు పైగా మేధో సంపత్తి ప్రాక్టీసు, 2013లో సీనియర్ హోదా, 2017లో న్యాయమూర్తి పదవి. ఈ రంగాన్నే వృత్తిగా చేసుకుని బెంచికి వచ్చినవారి నమూనా అది. పేటెంట్ కార్యాలయం నిరాకరణపై అప్పీలు ఎక్కడ వేయాలి, పేటెంటు రద్దు పిటిషన్ ఎక్కడ వేయాలి అన్న ప్రశ్న డాక్టర్ రెడ్డీస్ కేసులో 2022 నవంబరులో ఆమె ముందుకే వచ్చింది. అప్పీలు దరఖాస్తు పెట్టిన కార్యాలయం ఉన్నచోటి హైకోర్టుకే వెళ్లాలని, రద్దు పిటిషన్ మాత్రం ఆ పేటెంటు వల్ల ప్రభావం పడే చోట వేసుకోవచ్చని ఆమె చెప్పారు. హైదరాబాద్ కంపెనీ, దిల్లీ కోర్టు, చెన్నై దఫ్తరు: ఒక్క తీర్పులో మొత్తం పటం కనిపిస్తుంది.

నూజివీడు సీడ్స్, మోన్‌శాంటోల పోరాటమూ దిల్లీలోనే సాగింది. తెలుగు రైతులు వేసే బీటీ పత్తి విత్తనంలోని జన్యువుపై పేటెంటు చెల్లుతుందా అన్నది ప్రశ్న. 2018 ఏప్రిల్‌లో జస్టిస్ ఎస్. రవీంద్ర భట్ ధర్మాసనం చెల్లదంది. సాక్ష్యం నడపకుండా ఇంత పెద్ద సాంకేతిక ప్రశ్నను తేల్చడం తగదని సుప్రీంకోర్టు 2019 జనవరి 8న ఆ తీర్పును పక్కన పెట్టి, విచారణకు వెనక్కి పంపింది. 2021లో ఇరుపక్షాలూ రాజీ పడ్డాయి, ప్రశ్న ప్రశ్నగానే మిగిలింది. అంతకుముందు 2008లో రోష్, సిప్లా కేసులో క్యాన్సర్ మందుకు ఇంజంక్షన్ నిరాకరిస్తూ, రోగుల ప్రయోజనాన్ని కూడా తూకంలో వేయాలన్న న్యాయమూర్తి కూడా భట్ గారే.

బయటి దేశాల్లో

అమెరికాలో పేటెంటు అప్పీళ్ల కోసమే 1982లో ఫెడరల్ సర్క్యూట్ కోర్టు పెట్టారు. అక్కడి పాలీన్ న్యూమన్ రసాయనశాస్త్రంలో యేల్ డాక్టరేట్, తర్వాత న్యాయవాది, 1984 నుంచి న్యాయమూర్తి. రక్తపోటు మందు ఆమ్లోడిపిన్ లవణాన్ని మార్చి అమెరికాలో అమ్మబోయిన డాక్టర్ రెడ్డీస్‌కు కింది కోర్టులో దక్కిన గెలుపును 2004 ఫిబ్రవరిలో తిరగదోడిన తీర్పు ఆమెదే. పొడిగించిన పేటెంటు గడువు ఒక్క లవణానికి కాదు, మందులోని అసలు క్రియాశీల పదార్థానికి వర్తిస్తుందన్నారు. జర్మనీలో 1961 నుంచి మ్యూనిచ్ పేటెంట్ కోర్టులో ఇంజినీర్లు, శాస్త్రవేత్తలు కూడా న్యాయమూర్తులుగా కూర్చుంటారు. ఇంగ్లండ్ చిన్న వ్యాపారుల కోసం 1990లో లండన్‌లో పేటెంట్స్ కౌంటీ కోర్టు తెరిచింది. పీటర్ ఫోర్డ్ తర్వాత 2001 నుంచి 2010 వరకు మైకేల్ ఫిష్, అటుపై కాలిన్ బర్స్ దాన్ని నడిపారు. గొడుగు తొడుగుల నుంచి వీధి దీపాల దాకా డిజైన్ తగాదాలు ఫిష్ ముందుకు వచ్చాయి. ఒకే న్యాయమూర్తి ఏళ్ల తరబడి ఒకే రకం కేసులు వినడం ఆ కోర్టు బలం. మన జిల్లా కోర్టుల బదిలీ పద్ధతికి అది నేరుగా ఎదురు.

మన చట్టం సాంకేతిక న్యాయమూర్తిని ఇవ్వకపోయినా సాయం మాత్రం ఇచ్చింది. పేటెంట్ల చట్టం 115వ సెక్షన్ కింద కోర్టు శాస్త్ర సలహాదారును పెట్టుకోవచ్చు. 104వ సెక్షన్ కింద జిల్లా కోర్టులో నడుస్తున్న ఉల్లంఘన దావాలో ప్రతివాది పేటెంటే చెల్లదని ఎదురు దావా వేస్తే, ఫైలు మొత్తం హైకోర్టుకు వెళ్లిపోతుంది. పేటెంటు దావాల్లో ఆ ఎదురు దావా మామూలే. అందువల్ల జిల్లా న్యాయమూర్తి పేటెంటు దావాను చివరిదాకా వినే అవకాశం చాలా తక్కువ. ఆయన అనుభవం పేర్లు, లేబుళ్లు, సినిమాల దగ్గరే పెరుగుతుంది.

ఇక విరమణ తర్వాతి దారి. హైకోర్టు న్యాయమూర్తులు 62 ఏళ్లకు విరమిస్తారు. 220వ అధికరణం వల్ల తాము శాశ్వత న్యాయమూర్తిగా పనిచేసిన హైకోర్టులో మళ్లీ వాదించకూడదు. సుప్రీంకోర్టులోనూ ఇతర హైకోర్టుల్లోనూ వాదించవచ్చు. అప్పీళ్ల బోర్డు ఉన్నంతకాలం దాని అధ్యక్ష పదవి ఈ రంగం వారికి రెండో ఇన్నింగ్స్‌గా ఉండేది. ఇప్పుడు ఆ స్థానంలో మధ్యవర్తిత్వం, ఆర్బిట్రేషన్ మిగిలాయి. హైదరాబాద్‌లో 2021 డిసెంబరులో అంతర్జాతీయ ఆర్బిట్రేషన్, మీడియేషన్ కేంద్రం మొదలైంది. పేటెంటు ఇవ్వాలా వద్దా, ట్రేడ్‌మార్క్ రిజిస్టర్ చేయాలా వద్దా అన్నది ఆర్బిట్రేటర్ తేల్చలేరని 2020లో విద్యా ద్రోలియా తీర్పు చెప్పింది. లైసెన్సు ఒప్పందాలు, రాయల్టీ బకాయిలు, ఫ్రాంచైజీ తెగతెంపులు మాత్రం వారి ముందుకు వెళ్లవచ్చు.